గేటు మీద మావయ్యగారి పేరు

రెండువేల సంవత్సరం పుట్టగానే కంప్యూటర్లన్నిటికీ పిచ్చెక్కుతుందని లోకమంతా వణుకుతుంటే మేం మాత్రం కాస్త కులాసాగానే ఉన్నాం. ఆ వణుకే కదా మాకు అన్నం పెట్టింది! పాత ప్రోగ్రాముల్లో తారీఖులు సరిచేసే పని మీదే మా ఆయన మెల్‌బోర్న్ వచ్చాడు. ఆ డిసెంబరు ముప్పై ఒకటి సాయంత్రం ఆయన ఆఫీసులో కాపలా కూర్చుంటే, నేను ఎందుకైనా మంచిదని స్నానాలతొట్టి నిండా నీళ్ళు పట్టి, కొవ్వొత్తులు కొని, బియ్యం బస్తా తెచ్చి పెట్టుకున్నాను. తెల్లారింది. ఏమీ కాలేదు. టోస్టరు కూడా ఎప్పట్లాగే బ్రెడ్డు మాడ్చింది. అసలు భయం ఆ ఏడాది చివర్న వచ్చింది. వచ్చింది కంప్యూటర్లోంచే గానీ, దానికీ ఆ సున్నాలకీ సంబంధం లేదు.

మాది తెనాలి. మా నాన్న ఎర్రజెండా మనిషి. మాస్కో నుంచి వచ్చే పుస్తకాల కాగితం వాసన చూసి మురిసిపోయే రకం. స్కాలర్‌షిప్ రాగానే నన్ను మెడిసిన్ చదవమని రష్యా పంపించాడు. ఉరల్ కొండల పక్కన ఓ ఊరు. అక్కడ డిగ్రీతోపాటు ఆ ఊరి కుర్రాణ్ణి కూడా సంపాదించుకున్నాను. "రష్యాని ప్రేమించమన్నాను గానీ రష్యావాణ్ణి ప్రేమించమన్నానుటే!" అని నాన్న అలిగి కూర్చున్నాడు. పెళ్ళికి మా మావయ్యగారు తెనాలి వచ్చి, అరటాకు ముందు బాసింపట్టు వేసుకుని, కళ్ళవెంట నీళ్ళు కారుతున్నా ఆపకుండా గోంగూర పచ్చడి తిన్నాక గానీ ఆ అలక తీరలేదు. తీరడమంటే మామూలుగా కాదు. ఆ రోజునుంచీ వియ్యంకులిద్దరూ ఒకరికొకరు "బావగారూ! బావగారూ!" మావయ్యగారికి వచ్చిన తెలుగు ఆ ఒక్క ముక్కే. ఆ ముక్కతోనే ఇద్దరూ గంటలు గంటలు కాలక్షేపం చేసేవాళ్ళు.

మావయ్యగారు ఆ ఊరికి వేడి పంపించే సంస్థలో పెద్ద ఇంజినీరు. ఇది మనవాళ్ళకి చెబితే తప్ప తెలీదు. అక్కడ ఊరంతటికీ ఒకచోట బాయిలర్లు ఉంటాయి. అందులో కాగిన నీళ్ళు గొట్టాల్లో ఇంటింటికీ తిరుగుతాయి. చలికాలంలో బాయిలర్ ఆగితే గొట్టాలు పగిలి, మనుషులు మంచాల్లో గడ్డకట్టుకుపోతారు. సోవియట్ యూనియన్ కూలిపోయాక జీతాల్లేవు, బొగ్గు లేదు. ఆయన రైల్వేవాళ్ళ కాళ్ళావేళ్ళా పడి బొగ్గు తెచ్చి, పనివాళ్ళకి తన ఇంట్లో సూపు కాచి పోసి, ఒక్క చలికాలం కూడా బాయిలర్ ఆగనివ్వలేదు. అత్తగారు అప్పటికే పోయారు. ఆయనకి ఊరే సంసారం.

రెండువేలొచ్చేసరికి మాకు బడికెళ్ళే పాప. మెల్‌బోర్న్ శివార్లలో కేరమ్ డౌన్స్‌లో ఇల్లు కట్టుకున్నాం. గుడి దగ్గర, చుట్టూ ఇంకా చెట్లైనా మొలవని కొత్త వీధి. గృహప్రవేశానికి అటునుంచి మావయ్యగారూ, ఇటునుంచి నాన్నా వచ్చారు. అమ్మకి విమానమంటే భయం, రాలేదు. కమ్యూనిస్టుననే మాటేగానీ ముహూర్తం చూసుకోకుండా మా నాన్న గడప దాటడు. సూట్‌కేసులో లుంగీలకంటే కిందగా, దుప్పటిలో చుట్టి ఒక ఇత్తడి పలక తెచ్చాడు. తెనాలిలో కంచరి దగ్గర కూర్చుని చెక్కించాడట. పైన తెలుగులో, కింద రష్యన్‌లో మావయ్యగారి పేరు. పక్కన "నిలయం".

"ఇదేంటి నాన్నా?"

"ఇంటికి పెద్దల పేరు ఉండాలిగదమ్మా. నా పేరు పెడితే అల్లుడింట్లో పెత్తనం చేసినట్టుంటుంది. బావగారి పేరు పెట్టాలి. అదీ మర్యాద."

మా ఆయనకి నవ్వొచ్చింది గానీ కాదనలేదు. మావయ్యగారు మాత్రం ఆ పలక మీద తన పేరు వేలితో అక్షరం అక్షరం తడుముకున్నారు. తర్వాత స్క్రూడ్రైవర్ తీసుకుని తనే గేటు పక్కన గోడకి బిగించారు. నాన్న ఆయనకి పంచె కట్టి, కండువా వేసి, బొట్టు పెట్టి పలక ముందు నిలబెట్టాడు. ఇక్కడ ఫిబ్రవరంటే నడివేసవి, ఎండ సంగతి చెప్పనక్కర్లేదు. వియ్యంకుడికి ఎండ తగులుతుందని నాన్న వెనక నిలబడి గొడుగు పట్టాడు. నేను ఫోటో తీశాను. వెనక మేడ, డబుల్ గరాజు, నీలం ఆకాశం. ఫోటో ఫ్రేము కట్టించి నాన్నే మావయ్యగారి చేతికిచ్చాడు. ఆయన దాన్ని తీసుకెళ్ళి ఆఫీసులో బల్ల వెనక గోడకి తగిలించుకున్నారు.

మే నెల తర్వాత ఒక ఆదివారం ఫోన్ చేసి, మాటల మధ్యలో, గవర్నర్ ఎన్నికలకి నిలబడుతున్నానని చెప్పారు. నాన్నకి తెనాలికి ఫోన్ చేసి చెబితే ఎగిరి గంతేశాడు. "గవర్నరంటే రాజ్‌భవనం! దర్జా!" అని. కాదు నాన్నా అని చెప్పాను. అక్కడి గవర్నర్ రిబ్బన్లు కోసేవాడు కాదు. ముఖ్యమంత్రి, కలెక్టరు, ఎస్పీ, ముగ్గురూ కలిసి ఒక్కడే. ఆ ప్రాంతంలో గనులు వాడివి, పోలీసు వాడివాడు, పేపరు వాడిది. ఆ రోజుల్లో జనమే ఓటేసి ఎన్నుకునేవాళ్ళు, కొన్నేళ్ళకి అదీ ఎత్తేశారు. ఉన్న గవర్నర్ కుర్చీ వదలడానికి ఇష్టంలేనివాడు. బాయిలర్ల బొగ్గు సొమ్ము ఎటు పోతోందో మావయ్యగారు బయట అడిగేసరికి, జనం మీరే నిలబడండని పట్టుకున్నారు.

"అడుసు తొక్కనేల, కాలు కడగనేల! ఈ వయసులో ఈయనకెందుకీ గొడవ?" అని మా ఆయనమీద ఎగిరాను.

"ఆయన్ని నువ్వు ఆపు చూద్దాం," అన్నాడు.

ఎవరాపుతారు? పోయిన చలికాలం బొగ్గు బండి ఆగితే పట్టాల మీద కూర్చున్న మనిషి ఆయన.

అప్పట్నుంచీ ఆదివారం మధ్యాహ్నం ఆయన ఫోనంటేనే నాకు భయం. మొదట్లో అన్నీ చెప్పేవారు. తర్వాత్తర్వాత లైన్లో ఏదో టిక్కుమనేది, ఎవరో వింటున్నట్టు. ఆయన వెంటనే వాతావరణం గురించి మాట్లాడేవారు. ఇవాళ మంచు పడింది, పుట్టగొడుగులు ఎండబెట్టాను, పాప పళ్ళు ఊడాయా? ఇంతే. ఆయన మెట్లదారిలో బల్బులు ఎవరో తీసేస్తున్నారనీ, ఆయనతో తిరిగే కుర్రాణ్ణి బస్టాపు దగ్గర చితకబాదారనీ వేరేవాళ్ళ ద్వారా తెలిసింది. ఇంకో వారం ఆయన గుమ్మం ముందు ఒక పూలదండ పెట్టి వెళ్ళారు. శవాలకి వేసే దండ. రిబ్బను మీద ఆయన పేరు. అది విన్నరోజు నేను పాథాలజీ ల్యాబ్‌లో రక్తం తీసే పనిలో ఉన్నాను, నా డిగ్రీకి ఇక్కడ దొరికిన పని అదే. ఒక ముసలామె చేయి పట్టుకుని నరం దొరక్క రెండుసార్లు తప్పుగా పొడిచాను. "ఆర్ యూ ఆల్‌రైట్, లవ్?" అని ఆవిడే నన్ను కుర్చీలో కూర్చోబెట్టింది.

నవంబరులో మా ఆయన క్లాస్‌మేట్ ఒకతను అక్కడి పేపరు మొదటి పేజీ స్కాన్ చేసి ఈమెయిల్‌లో పంపాడు. అప్పట్లో ఇంటర్నెట్ అంటే తెలుసుగా, ఫోన్ లైన్ కీచుమని కీచుమని కలిసేది, బొమ్మ పైనుంచి గోరంత గోరంత కిందికి దిగేది. ముందు నీలం ఆకాశం వచ్చింది. తర్వాత మేడ కప్పు. ఈ కప్పు ఎక్కడో చూశానే అనుకున్నాను. గొడుగు వచ్చింది. గొడుగు చూడగానే నా పై ప్రాణాలు పైనే పోయాయి. మావయ్యగారి ముఖం, బొట్టు, కండువా. ఆయన వెనక మా నాన్న. చివరికి ఆ పలక. ఆఫీసు గోడమీది ఫోటోని ఎవడో కాపీ తీసి అమ్ముకున్నాడు.

పైన పెద్దక్షరాలతో రాశారు: మీరు చలికి వణుకుతుంటే మీ ఇంజినీరు ఆస్ట్రేలియాలో కట్టుకున్న భవంతి ఇదీ. గేటు మీద పేరు చదువుకోండి. ఓడిపోతే పారిపోవడానికి ఏర్పాటు. గొడుగు పడుతున్నవాడు ఆయన భారతీయ నౌకరు.

నౌకరు! మా నాన్న! వాళ్ళ నోట్లో మన్ను పడ! పుట్టి బుద్ధెరిగి మా నాన్న ఎవరి ముందూ చేతులు కట్టుకుని నిలబడలేదు, ప్రేమతో గొడుగు పడితే నౌకరైపోయాడు. కీబోర్డు ఎత్తి బల్లకేసి కొట్టాను. మా పాప ఏడుపందుకుంది. మా ఆయన అరవలేదు, ఏడవలేదు. ఆ బొమ్మని చూస్తూ నెమ్మదిగా చెప్పాడు. అక్కడ అభ్యర్థి తన ఆస్తులన్నీ ముందే చెప్పాలి. ఒక్కటి దాచాడన్నా పేరు కొట్టేస్తారు. పేరు కొట్టేయడంతో వదిలితే అదృష్టమే. పరాయి దేశంలో భవంతికి సొమ్మెక్కడిదని కేసు పెట్టి లోపల వేస్తారు. అక్కడి జైళ్ళలో గుండెజబ్బు మనిషి ఎన్నాళ్ళుంటాడు?

ఆయన గుండెకి మాత్రలు నేనే పంపించేదాన్ని. నాకు చెప్పనక్కర్లేదు.

ఇల్లు మా ఇద్దరి పేరు మీద ఉందనీ, బ్యాంకుకి ఇంకా కడుతున్నామనీ కాగితాలు తీసి, నోటరీ చేయించి, రష్యన్‌లోకి మార్పించి పంపించాం. అవి ఎవరికి కావాలి? పిల్లి శాపాలకి ఉట్లు తెగుతాయా? గేటు మీద పేరుందా లేదా అన్నదే వాళ్ళ ప్రశ్న. మన దేశంలో చంటిపిల్లాడికి చెప్పినా అర్థమవుతుంది, ఇంటి మీద తాతగారి పేరుంటే ఇల్లు తాతగారిదని కాదు, తాతగారంటే గౌరవమని. అక్కడ పేరున్నవాడే యజమాని. నేను మర్నాడే ఊడపీకేద్దామన్నాను. మా ఆయన స్క్రూడ్రైవర్ చేతిలో పట్టుకునే తండ్రికి ఫోన్ చేశాడు.

"ముట్టుకోకండి," అన్నారు మావయ్యగారు. ఆ రోజు వాతావరణం ఊసెత్తలేదు, లైను టిక్కుమన్నా ఆపలేదు. "నిన్న టీవీలో అడిగారు. నా పేరే, నా కోడలి తండ్రి పెట్టాడు, వాళ్ళ దేశంలో అది మర్యాద, గొడుగు పట్టింది ఆయనే అని చెప్పాను. ఇప్పుడు తీసేస్తే నేను అబద్ధమాడినట్టు. బావగారిని నౌకరని ఒప్పుకున్నట్టు."

"మీ ప్రాణంకంటే పలక ఎక్కువా?" అని నేను ఫోన్ లాక్కుని అరిచాను.

"అమ్మాయ్, నాకు గుండెజబ్బుంది గానీ సిగ్గు కూడా ఉంది," అన్నారు.

పలక ఉండిపోయింది. రోజూ కారు లోపలికి తిప్పేటప్పుడు అది ఎండకి మెరిసి నా కళ్ళలో కొట్టేది. ఒక శనివారం నేను పెరట్లో బట్టలు ఆరేస్తున్నాను, పాప ముందువైపు సైకిలు తొక్కుతోంది. బెల్లు చప్పుడు ఆగిపోయింది. ఎందుకాగిందా అని తడి చీర భుజాన వేసుకునే పరుగెత్తాను. తెల్ల కారొకటి మలుపు తిరిగి వెళ్ళిపోతోంది. పాప గేటు దగ్గర నిలబడి ఉంది.

"ఎవరే అది? ఏమన్నాడు?"

అది తెలుగూ రష్యనూ అర్థం చేసుకుంటుంది, జవాబు మాత్రం ఇంగ్లీషే. ఎవరో అంకుల్ రష్యన్‌లో మాట్లాడాడట. ఇది మీ దేదా ఇల్లేనా అని అడిగాడట. దేదా అంటే తాత. "ఐ సెడ్ యెస్, మమ్మీ," అంది, మంచి పని చేశానన్నట్టు. తర్వాత ఆ అంకుల్ దాన్ని పలక పక్కన నిలబెట్టి ఫోటో తీసుకున్నాడట.

దాన్ని ఎత్తుకుని లోపలికొచ్చి తలుపులన్నీ గడియలు పెట్టాను. పోలీసులకి ఫోన్ చేస్తే, రోడ్డు మీదనుంచి ఫోటో తీయడం నేరం కాదమ్మా అని చాలా మర్యాదగా చెప్పారు. సముద్రాలు దాటి వచ్చాం, ఇక మనల్నెవరేం చేస్తారులే అనుకున్నాను ఇన్నాళ్ళూ. ఎక్కడో మంచులో కుర్చీ కోసం కొట్టుకునేవాడి చెయ్యి మా గేటుదాకా వచ్చి నా బిడ్డ భుజం మీద పడింది. ఆ తర్వాత చాలాకాలం పాపని ముందువైపు ఆడుకోనివ్వలేదు.

నాన్నకి ఇదేదీ చెప్పలేదు. ఆయన ఫోన్ చేసినప్పుడల్లా అడిగేవాడు. "బావగారు గెలుస్తారా? పలక తోముతున్నావా? చింతపండు పెట్టి తోమాలి, బ్రాసో గీసో పూయకు." తోముతున్నా నాన్నా అనేదాన్ని. తను ముచ్చటపడి చేయించిన పలకే వియ్యంకుడి మెడకి చుట్టుకుందని తెలిస్తే మా నాన్న ఆ పూటనుంచీ అన్నం ముట్టడు.

పోలింగ్‌కి ముందురోజు కోర్టు మావయ్యగారి పేరు కొట్టేసింది. ఆస్తి దాచారని. ఓటు కాగితాల మీద ఆయన పేరుకి అడ్డంగా పెన్నుతో గీతలు గీసి జనానికిచ్చారట. పాత గవర్నరే మళ్ళీ కూర్చున్నాడు. దుఃఖం రాలేదు నాకు. హమ్మయ్య, వదిలింది పీడ అనుకున్నాను. వదల్లేదు. వారం తిరక్కముందే మావయ్యగారి ఆఫీసులో సోదాలు చేశారు. ఆయనతో పనిచేసిన అకౌంటెంటుని తీసుకెళ్ళారు. ఆ తర్వాతి ఆదివారం ఫోన్ రాలేదు. మేం చేస్తే ఎత్తలేదు. మా ఆయన ఫోన్ పక్కనే కూర్చుని, పాప తాగిన పాలగ్లాసు చేత్తో పట్టుకుని, కడగడానికి కూడా లేవలేదు. ఇక్కడ మా ఆయన ఆఫీసులో కాంట్రాక్టులు తగ్గిస్తున్నారు, తీసేసేవాళ్ళలో ఆయన పేరు కూడా వినిపిస్తోంది. ఆ సంగతి మాట్లాడుకునే ఓపిక కూడా ఇద్దరికీ లేదు. నేను జీవితంలో ఎప్పుడూ లేంది గుడికి వెళ్ళి పొర్లుదండాలు పెడతానని మొక్కుకున్నాను.

జనవరిలో ఎయిర్‌పోర్టునుంచి ఫోన్ వచ్చింది. మెల్‌బోర్న్ ఎయిర్‌పోర్టే. "బావగారు" అని ఆయనకి వచ్చిన ఆ ఒక్క తెలుగు ముక్కే వినిపించింది, గొంతు గుర్తుపట్టి కారు తాళాలకోసం పరుగెత్తాను.

పట్టుకోవడానికి వస్తున్నారని ఎవరో ముందుగా చెవిన వేస్తే, పని బట్టలతోనే రైలెక్కి సరిహద్దు దాటి కజకిస్తాన్‌లో దిగి, అక్కణ్ణుంచి విమానం పట్టుకున్నారట. గృహప్రవేశానికని తీసుకున్న వీసా ఇంకా చెల్లుతోంది, అదే కాపాడింది. చేతిలో ఒక్క సంచి. నలభై డిగ్రీల ఎండలో ఉన్ని కోటు. మనిషి సగమయ్యారు. కారులో మాటిమాటికీ వెనక్కి తిరిగి ఏ కారొస్తోందో చూశారు. ఓడిపోతే ఆస్ట్రేలియా ఇంటికి పారిపోతాడని ఆ పేపరు వెధవలు రాశారు కదా. వాళ్ళ మాటే వాళ్ళు నిజం చేశారు.

గేటు దగ్గర దిగారు. పలక ముందు ఆగారు. చింతపండుతో నేను తోమిన పలక, తళతళలాడుతోంది. తన పేరు మొత్తం ఒకసారి చదువుకుని, కొడుకు వైపు చేయి చాపారు.

"స్క్రూడ్రైవర్."

ముట్టుకోవద్దన్న మనిషి. ప్రాణం మీదికొచ్చినా వద్దన్న మనిషి. కోటైనా విప్పకుండా అక్కడే నిలబడి స్క్రూలు తీశారు. ఒకటి జారి గడ్డిలో పడిపోతే పాప వెతికిచ్చింది. పలకని దుప్పటిలో చుట్టి తన మంచం కింద పెట్టుకున్నారు. నేను వంటింట్లోకి వెళ్ళి కుళాయి తిప్పి ఏడ్చాను.

ఆ వారమే నాన్న ఫోన్. "బావగారు వచ్చారటగా! ఎన్నికలు పోతే పోయాయిలే, తన పేరున్న ఇంట్లో చల్లగా ఉంటారు. పలక ముందు నిలబెట్టి ఒక ఫోటో తీసి పంపమ్మా. లైబ్రరీలో అందరికీ చూపించాలి."

మావయ్యగారు ఎదురుగానే కూర్చున్నారు. ఏమంటున్నారు అని కళ్ళతో అడిగారు. ఏదో ఒకటి చెప్పి తప్పించాలనుకున్నాను. చివరికి నాన్న అడిగింది ఉన్నదున్నట్టు ఆయనకి చెప్పాను. ఆయన కాసేపు బల్ల మీద వేళ్ళు ఆడించి, లేచి వెళ్ళి మంచం కింద దుప్పటి తీశారు. పంచె తనే కట్టుకున్నారు, వంకరగా. వీధి ఇటు చివరా అటు చివరా చూసుకుని పలక బిగించారు. "త్వరగా," అన్నారు నాతో. ఒక్కటే తీశాను. నేను కెమెరా దించేలోపే మళ్ళీ స్క్రూలు విప్పడం మొదలుపెట్టారు.

ఫోటో తెనాలి చేరింది. నాన్న ఫోన్ చేశాడు. బ్రహ్మాండంగా వచ్చిందన్నాడు, పలక బాగా తోమావని మెచ్చుకున్నాడు. తర్వాత అడిగాడు.

"అది సరేగానీ అమ్మా, బావగారు కెమెరా వంక చూడకుండా రోడ్డు వంక చూస్తున్నారేంటి? ఎవరన్నా వస్తున్నారా?"

"పోస్ట్‌మ్యాన్ నాన్నా," అన్నాను.